మారిషస్ అగ్నిపర్వతం మళ్ళీ రగులుతుందా? క్యూర్‌పిప్‌కు వెళ్తున్న కుటుంబానికి నా జవాబు

మీరు అడిగింది నాకు అర్థమైనంతలో ఇది. మీ ఆయనకు మారిషస్‌లో ఉద్యోగం వచ్చింది. క్యూర్‌పిప్ పట్టణంలో మీరు చూసిన అద్దె ఇల్లు ట్రూ ఓ సెర్ అనే అగ్నిపర్వత బిలానికి నడిచి వెళ్ళేంత దగ్గర. ఆ ఫొటోలు చూసి మీ అత్తగారు, "అది మళ్ళీ పేలితే పిల్లలతో ఎక్కడికి పోతారు?" అని బెంగ పెట్టుకున్నారు. మీ అబ్బాయిది ఇంకో ప్రశ్న. మారిషస్‌కూ మన దక్కన్ పీఠభూమికీ పుట్టుక ఒకటేనని ఎక్కడో చదివాడు, అది నిజమేనా అని.

ఇంటి సంగతి: అగ్నిపర్వతం భయంతో ఆ ఇల్లు వదులుకోవద్దు. మారిషస్‌లో చివరిసారి లావా పారి సుమారు పాతిక ముప్ఫై వేల ఏళ్ళు అయింది. అక్కడ మీరు జాగ్రత్త పడవలసింది నిప్పు గురించి కాదు, నీటి గురించి. తుపాను, ఉన్నట్టుండి ముంచే వరద, కొన్ని తీరాల్లో సముద్రపు లాగుడు, అప్పుడప్పుడు కుళాయి ఎండిపోవడం. వీటి గురించి కింద వివరంగా రాస్తాను.

దక్కన్ సంగతి: మీ అబ్బాయి చదివింది నిజమే, చిన్న సవరణతో. రెండింటికీ వేడి అందించిన మూలం ఒకటే. లావా మాత్రం ఒకటి కాదు. రెండింటి మధ్య సుమారు 5 కోట్ల 70 లక్షల ఏళ్ళ తేడా ఉంది.

నా పని భూగర్భ జలాలు. ఎక్కువ కాలం వికారాబాద్, జహీరాబాద్, ఆదిలాబాద్ వైపు నల్లరాతి నేలల్లో తిరిగాను. ఆ పని మీదనే మారిషస్‌లోనూ ఉన్నాను. కనుక కొంచెం పొడుగ్గా రాస్తున్నాను, ఓపిక పట్టండి.

ముందు అత్తగారి భయం సంగతి. ఈ దీవి ఒక్క దెబ్బలో పుట్టలేదు. సుమారు 4,000 మీటర్ల లోతున్న సముద్రపు అడుగు నుంచి లావా పొర మీద పొర పేరుకుని, చివరికి నీటిపైకి తేలింది. నీటిపైన కనిపించే రాళ్ళలో పాతవి సుమారు 90 లక్షల ఏళ్ళ నుంచి 47 లక్షల ఏళ్ళ మధ్య పుట్టాయి. అసలు దీవిని కట్టింది ఆ కాలమే. తరువాత పది లక్షల ఏళ్ళకు పైగా నిశ్శబ్దం. సుమారు 35 లక్షల ఏళ్ళ క్రితం మళ్ళీ మొదలై, 19 లక్షల ఏళ్ళ క్రితం దాకా తక్కువ స్థాయిలో లావా వచ్చింది. ఇంకో విరామం. మూడో విడత సుమారు పది లక్షల ఏళ్ళ క్రితం మొదలైంది. మీ ఇంటి పక్కనున్న ట్రూ ఓ సెర్ ఈ మూడో విడత సంతానమే. అది ఒంటరి బిలం కూడా కాదు. దక్షిణాన బాసాన్ బ్లాన్, గంగా తలావ్ అనే చెరువు ఉన్న గ్రాన్ బాసాన్, ఇటు క్యూర్‌పిప్, అటు ఉత్తరాన ఇంకొన్ని. దీవిని ఏటవాలుగా కోస్తూ నైరుతి నుంచి ఈశాన్యానికి ఒకే వరసలో ఉంటాయి. లోపల ఆ దిశగా ఉన్న పగులు వెంటనే శిలాద్రవం పైకి వచ్చిందన్నమాట.

ఈ లెక్క జాగ్రత్తగా చూస్తే మీకు ఒక అనుమానం రావాలి. పది లక్షల ఏళ్ళు నిద్రపోయి రెండుసార్లు లేచిన అగ్నిపర్వతానికి పాతిక వేల ఏళ్ళు ఒక కునుకే కదా? అవును. అందుకే అది పూర్తిగా చచ్చిపోయిందని నేను రాయను, రాసేవారిని సమర్థించను. అయితే భూమి గడియారం వేరు, మనిషి ఆయుష్షు వేరు. గత 11,700 ఏళ్ళలో అక్కడ ఒక్క లావా ప్రవాహం జాడ కూడా లేదు. ఒకవేళ శిలాద్రవం కదిలినా చెప్పకుండా రాదు. ముందు చిన్న చిన్న ప్రకంపనలు గుంపులుగా వస్తాయి, నేల ఉబ్బుతుంది, పగుళ్ళ నుంచి వాయువులు వస్తాయి. పైగా ఇక్కడిది బసాల్ట్ లావా, చల్లారితే నల్లరాయి అయ్యేది. పలుచగా పారే రకం. ఇటలీ, ఇండోనేషియాల్లో మనం విన్న పేలుళ్ళ వెనుక ఉండేది జిగట శిలాద్రవం. అందులో వాయువులు ఇరుక్కుని ఒక్కసారిగా బద్దలవుతాయి. బసాల్ట్ సాధారణంగా అలా చేయదు.

ట్రూ ఓ సెర్ అంచున సముద్రమట్టానికి సుమారు 600 మీటర్ల ఎత్తున ఒక డాప్లర్ వాతావరణ రాడార్ నిలబడి ఉంటుంది. తుపాన్లను, వాన మబ్బులను పసిగట్టడానికి దాన్ని ఆ బిలం అంచునే కట్టారు. ఆ దేశం దేన్ని చూసి భయపడుతున్నదో, దేన్ని చూసి భయపడటం లేదో మీ అత్తగారికి ఆ ఒక్క కట్టడం చెబుతుంది. బిలం లోపల పచ్చని చెట్లు, అడుగున కాస్త బురద, నీరు. పొద్దున్నే జనం దాని చుట్టూ నడకకు వస్తారు.

మండే కొండను చూడాలంటే పక్క దీవికి పోవాలి. నైరుతిన సుమారు 200 కిలోమీటర్ల దూరంలో ఫ్రాన్స్‌కు చెందిన రీయూనియన్ ఉంది. అక్కడి పితోన్ ద లా ఫూర్నేజ్ ప్రపంచంలో తరచుగా లావా చిమ్మే అగ్నిపర్వతాల్లో ఒకటి. 1977లో దాని లావా ఒక ఊళ్ళోకి వచ్చింది. ఆ తరువాత 1979లో దాన్ని కనిపెట్టడానికి ప్రత్యేకంగా ఒక పరిశోధన కేంద్రమే పెట్టారు. 2007లో శిఖరం మీది బిలం అడుగు సుమారు 300 మీటర్లు కిందికి కుంగింది. ఆ పొగ మారిషస్‌కు వస్తుందా అని చాలామంది అడుగుతారు. ఆ ప్రాంతంలో ఏడాదిలో ఎక్కువ భాగం గాలి ఆగ్నేయం నుంచి వీస్తుంది. కనుక పొగ మారిషస్‌కు దూరంగానే పోతుంది.

రీయూనియన్ ఎందుకు మండుతోంది, మారిషస్ ఎందుకు చల్లారింది? మీ అబ్బాయి ప్రశ్నకు జవాబు ఇక్కడే మొదలవుతుంది.

భూమి లోపలి నుంచి వేడి శిల నిలువుగా పైకి వచ్చే చోటు ఒకటి రీయూనియన్ కింద ఉంది. దాన్ని హాట్‌స్పాట్ అంటారు. అది దాదాపు ఉన్నచోటనే ఉంటుంది. పైనున్న భూఫలకాలు, అంటే భూమి పైపొరలోని పెద్ద రాతి పలకలు, కదులుతాయి. కదులుతున్న పళ్ళెం కింద కిరసనాయిలు దీపం పెడితే వరసగా మసి మచ్చలు పడతాయి చూడండి, అలా పడ్డ మచ్చలే ఈ దీవులు, సముద్రపు దిబ్బలు. సుమారు 6 కోట్ల 60 లక్షల ఏళ్ళ క్రితం ఆ దీపం మీద ఉన్నది భారత భూభాగం. అప్పుడు పొంగిన లావానే దక్కన్ నల్లరాయి. ఈనాటికీ సుమారు ఐదు లక్షల చదరపు కిలోమీటర్లు పరుచుకుని ఉంది. భారతదేశం ఉత్తరానికి జరిగే కొద్దీ ఆ వేడి వరసగా లక్షద్వీప్, మాల్దీవులు, చాగోస్‌ల కిందికి వచ్చింది. ఈ దీవుల పైభాగమంతా పగడపు సున్నమే, అడుగున మాత్రం బసాల్ట్. 1987లో ఒక అంతర్జాతీయ పరిశోధన నౌక సముద్రపు అడుగున రంధ్రాలు తొలిచి ఆ బసాల్ట్‌ను పైకి తీసింది. వయసులు కట్టి చూస్తే మాల్దీవుల దగ్గర సుమారు 5 కోట్ల 70 లక్షల ఏళ్ళు, చాగోస్ దగ్గర 4 కోట్ల 90 లక్షలు, మారిషస్‌కు ఈశాన్యాన ఉన్న నజరెత్ దిబ్బ దగ్గర 3 కోట్ల 40 లక్షలు. దక్షిణానికి వచ్చే కొద్దీ వయసు తగ్గుతూ వచ్చింది. తరువాత మారిషస్, ఆ తరువాత రీయూనియన్. ఈ సిద్ధాంతానికి ఇంతకంటే సూటైన సాక్ష్యం నాకు తెలియదు.

ఇక్కడ ఒక మెలిక ఉంది. మీ అబ్బాయి ప్రాజెక్టులో ఇది రాస్తే టీచరుగారు మెచ్చుకుంటారు. పటంలో చాగోస్‌కూ నజరెత్ దిబ్బకూ మధ్య పెద్ద ఖాళీ కనిపిస్తుంది. సముద్రపు అడుగు చీలి కొత్త నేల పుడుతున్న మధ్య హిందూ మహాసముద్ర శిఖరశ్రేణి ఆ ఖాళీలో ఉంది. అది జరుగుతూ హాట్‌స్పాట్‌ను దాటింది. అప్పటిదాకా భారత ఫలకం కింద ఉన్న వేడి, ఆ తరువాత ఆఫ్రికా వైపు ఫలకం కిందికి వచ్చింది. అందుకే దక్కన్, మాల్దీవులు, చాగోస్ ఒక ఫలకం మీద ఉన్నాయి, మారిషస్, రీయూనియన్ ఇంకో ఫలకం మీద ఉన్నాయి. అవి ఏటేటా ఒకదానికొకటి దూరమవుతున్నాయి.

మీ స్వస్థలం రాజమండ్రి అని రాశారు. అయితే మీరు చిన్నప్పటి నుంచీ ఈ కథ మొదటి అధ్యాయాన్ని చూస్తూనే ఉన్నారు. గోదావరికి ఇవతల కాతేరు, అవతల పంగిడి, గౌరీపట్నం క్వారీల్లో కంకర కొడుతున్న నల్లరాయి దక్కన్ కాలానిదే. పడమటి కనుమల వైపు పొంగిన లావా నదీ లోయలు పట్టుకుని సుమారు వెయ్యి కిలోమీటర్లు పారి, అప్పటి సముద్ర తీరం దాకా వచ్చి ఆగిందని ఇప్పుడు చాలామంది శాస్త్రవేత్తల అభిప్రాయం. రెండు చోట్లా రాయి వయసు, రసాయన కూర్పు సరిపోలడం దానికి ఆధారం. అదే నిజమైతే భూమి మీద ఇంత పొడవు పారిన లావా మరొకటి తెలియదు. కాతేరులో రెండు లావా పొరల మధ్య సున్నపురాయి పొర ఒకటి ఉంటుంది. అందులో ఉప్పునీటి, నదీముఖపు గవ్వల శిలాజాలు దొరుకుతాయి. అంటే ఒక ప్రవాహానికీ ఇంకో ప్రవాహానికీ మధ్య ఆ గవ్వలు బతికేంత కాలం గడిచిందని. సెలవులకు ఊరు వెళ్ళినప్పుడు అబ్బాయిని తప్పకుండా తీసుకెళ్ళి చూపించండి, క్వారీ వాళ్ళ అనుమతి అడిగి.

ఇంకో విషయం కూడా అడిగారు, "మారిషస్ కింద మునిగిపోయిన ఖండం ఉందట కదా" అని. దాని మీద వాట్సాప్‌లో చాలా చెత్త తిరుగుతోంది, కనుక నికరమైనది చెబుతాను. 2013లో మారిషస్ బీచి ఇసుకలో జిర్కాన్ అనే ఖనిజపు రేణువులు దొరికాయి. వయసు 66 కోట్ల నుంచి 197 కోట్ల ఏళ్ళు. 90 లక్షల ఏళ్ళ దీవిలో అంత పాత రేణువులు ఎలా వచ్చాయి? గాలికో, ఓడలకో, మనుషుల కాళ్ళకో అంటుకుని వచ్చాయేమో అని కొందరు సందేహించారు. న్యాయమైన సందేహమే. 2017లో దక్షిణాఫ్రికాకు చెందిన ల్యూయిస్ ఆష్వాల్ బృందం ఈసారి ఇసుకలో కాకుండా రాతిలోనే వెతికింది. 57 లక్షల ఏళ్ళ నాటి ట్రాకైట్ అనే అగ్నిశిలలో ఇరుక్కున్న జిర్కాన్లు 250 నుంచి 300 కోట్ల ఏళ్ళవని తేల్చింది. రాతి లోపలికి గాలి మోసుకురాలేదు. కనుక శిలాద్రవం పైకి వచ్చేటప్పుడు దారిలో ఒక పాత ఖండపు ముక్కను ఒరుసుకుంటూ వచ్చింది. ఆ ముక్కకు మారిషియా అని పేరు పెట్టారు. సుమారు 9 కోట్ల ఏళ్ళ క్రితం భారతదేశం, మడగాస్కర్ విడిపోయినప్పుడు మధ్యలో మిగిలిపోయిన పెచ్చు అది. మన హైదరాబాద్ గ్రానైట్లు కూడా 250 కోట్ల ఏళ్ళ ప్రాంతానివే. ఆ కాలపు నేల ఒకప్పుడు ఒకే చోట ఉండేదని దీన్నిబట్టి ఊహించవచ్చు. అయితే మారిషియా మీద మనుషులు నివసించారనీ, నాగరికతలు మునిగిపోయాయనీ చెప్పేవన్నీ కల్పితాలు. అది విడిపోయే నాటికి భూమి మీద మనిషి అనే జీవే లేదు.

ఇక దీవి రూపం. విమానం దిగేటప్పుడు కిటికీ పక్క సీటు దొరికితే చూడండి. మధ్యలో 300 నుంచి 600 మీటర్ల ఎత్తున పీఠభూమి ఉంటుంది. దాన్ని చుట్టి విరిగిన వలయంగా కొండలు కనిపిస్తాయి. వాయవ్యాన మోకా శ్రేణి, నైరుతిన బ్లాక్ రివర్ కొండలు, ఆగ్నేయాన బాంబూ కొండలు. దేశంలో ఎత్తైన శిఖరం పితోన్ ద లా పెతీత్ రివియేర్ న్వార్ 828 మీటర్లే. తల మీద బండరాయి పెట్టుకున్నట్టుండే పీటర్ బోత్ 820 మీటర్లు. ఈ వలయమే తొలి అగ్నిపర్వతంలో మిగిలిన భాగం. మధ్యభాగం ఎందుకు పోయిందన్న దాని మీద ఏకాభిప్రాయం లేదు. శిఖరం లోపలికి కుంగిందని పాత మాట. వాలులు సముద్రంలోకి జారిపోయాయని తరువాత వచ్చిన వాదన. నాకు రెండూ కొంత కొంత జరిగి ఉంటాయనిపిస్తుంది. ఏమైనా, ఖాళీ అయిన మధ్యభాగాన్ని రెండో, మూడో విడత లావా నింపి చదును చేసింది. క్యూర్‌పిప్ ఆ చదును మీదే ఉంది.

ఈ ఆకారమే అక్కడి వానను నిర్ణయిస్తుంది. ఆగ్నేయపు గాలి తేమను మోసుకొచ్చి పీఠభూమి ఎక్కుతూ చల్లబడి కురుస్తుంది. పీఠభూమి మీద ఏడాదికి 4,000 మిల్లీమీటర్ల దాకా వాన పడుతుంది. కొండలు దాటి పడమటి తీరానికి చేరేసరికి 900 కూడా మిగలదు. ఈ రెండింటి మధ్య దూరం కారులో గంట కూడా లేదు. మీ ఇంట్లో గొడుగు గుమ్మం దగ్గరే ఉండాలి. బట్టలు ఆరవు, అలమరల్లో బూజు పడుతుంది. అక్కడ చలికాలమైన జులై, ఆగస్టుల్లో పిల్లలకు స్వెటర్లు కావాలి. ఎండ కావాలనిపించిన ఆదివారం పడమటి తీరాన ఉన్న ఫ్లిక్ ఆన్ ఫ్లాక్ వైపు దిగిపోండి, అక్కడ వేరే దేశానికి వచ్చినట్టుంటుంది.

నేల రంగులోనూ ఇదే లెక్క. మన రేగడి నేల బసాల్ట్ నుంచే పుట్టింది, మారిషస్ ఎర్రనేల కూడా బసాల్ట్ నుంచే పుట్టింది. మరి రంగు ఎందుకు మారింది? వాన తక్కువగా ఉన్న చోట రాయి నెమ్మదిగా చివికి, కాల్షియం, మెగ్నీషియం కొట్టుకుపోకుండా ఉబ్బే బంకమట్టిగా మారుతుంది. అదే రేగడి. వాన విపరీతంగా పడి, నీరు సులువుగా దిగిపోయే చోట అవన్నీ కడుక్కుపోయి ఇనుము, అల్యూమినియం ఆక్సైడులు మిగులుతాయి. అది ఎర్రనేల. మన అనంతగిరి కొండల మీద, జహీరాబాద్ దగ్గర బసాల్ట్ నెత్తిన కనిపించే ఎర్రటి లేటరైట్ కూడా పాతకాలపు తడి వాతావరణంలో అలాగే పుట్టింది. మారిషస్‌లో దీనికి పరాకాష్ఠ షమరెల్ రంగుల నేల. ఇనుము ఎక్కువైన చోట ఎరుపు, గోధుమ రంగు. అల్యూమినియం ఎక్కువైన చోట నీలి, ఊదా ఛాయలు. మొక్కకు కావలసిన పోషకాలన్నీ వాన కడిగేసింది గనుక దాని మీద గడ్డి కూడా మొలవదు. అక్కడికి వెళ్తే మధ్యాహ్నం కాకుండా పొద్దున వెళ్ళండి, రంగులు బాగా తేలతాయి.

చెరకు తోటల మధ్య నల్లరాళ్ళ గుట్టలు కనిపిస్తాయి. కొన్ని మెట్లు మెట్లుగా, గోడ కట్టినంత శ్రద్ధగా పేర్చి ఉంటాయి. మూడో విడత లావా నేలంతా బండలతో నింపింది. వాటిని ఏరి పక్కన పెడితే తప్ప చెరకు నాటడానికి వీలు లేదు. ఆ పని చేసింది మొదట బానిసలు. 1834 తరువాత ఒప్పందం కూలీలుగా వచ్చిన భారతీయులు. వారిలో కోరంగి, విశాఖ, గంజాం తీరాల నుంచి ఓడ ఎక్కిన మన తెలుగువాళ్ళు ఉన్నారు. వాళ్ళ సంతతి వల్లనే ఈనాటికీ అక్కడ ఉగాది ప్రభుత్వ సెలవు దినం. ఆ గుట్టలను ఎవరూ టికెట్ పెట్టి చూపించరు. కానీ నా దృష్టిలో ఆ దేశపు భూగర్భ శాస్త్రం, చరిత్ర రెండూ ఒకేచోట కనిపించేది అక్కడే. అబ్బాయికి కారు ఆపి చూపించండి.

నీటి గురించి నా వృత్తి మాట. నాలుగు వేల మిల్లీమీటర్ల వాన పడే చోట కుళాయి ఎందుకు ఆగిపోతుందని కొత్తగా వెళ్ళినవాళ్ళు ఆశ్చర్యపోతారు. కొత్త లావా నిండా పగుళ్ళు, బుడగ రంధ్రాలు, లావా సొరంగాలు. ఈశాన్యాన ప్లేన్ దె రోష్ వైపు మనిషి నడిచేంత సొరంగాలు ఉన్నాయి. లావా పైపొర గట్టిపడి, లోపలిది పారిపోగా మిగిలినవి అవి. ఇలాంటి నేలలో వాన పడ్డది పడ్డట్టు ఇంకిపోతుంది. మిగిలినది పొట్టి నదుల్లో కొద్ది గంటల్లో సముద్రం చేరుతుంది. పాత లావా దీనికి తలకిందులు. అది చివికి బంకమన్ను అయి పగుళ్ళన్నీ పూడుకుపోయాయి. వికారాబాద్ వైపు బోరు వేస్తే రెండు లావా పొరల మధ్యన ఎర్రమట్టి పొర దగ్గర, బుడగల రాయి దగ్గర నీరు కోసం చూస్తాం. మిగతా రాయి మొండిది. మారిషస్ కొత్త లావాలో నీరు దొరకడం కష్టం కాదు, నిలవడం కష్టం. తీరానికి దగ్గరగా ఎక్కువ తోడితే ఉప్పునీరు లోపలికి వస్తుంది. దేశంలో ఇళ్ళకు అందే నీటిలో దాదాపు సగం భూగర్భ జలమే. మిగతాది జలాశయాలది. పెద్దదైన మార్ ఓ వాక్వా మీకు దగ్గరలోనే ఉంటుంది, సుమారు రెండున్నర కోట్ల ఘనమీటర్లు పడుతుంది. నవంబరు, డిసెంబరు నాటికి అక్కడి వేసవి వానలు ఆలస్యమైతే సరఫరా గంటలు తగ్గిస్తారు. కనుక ఇల్లు ఖాయం చేసే ముందు బిలం ఎంత దూరమో అడగకండి, మిద్దె మీద నీళ్ళ ట్యాంకు ఎంతదో అడగండి.

తుపాన్లు నవంబరు నుంచి మే దాకా. 1960 ఫిబ్రవరిలో వచ్చిన కరోల్ తుపాను రేకు ఇళ్ళను, చెక్క ఇళ్ళను తుడిచిపెట్టింది. ఈనాడు అక్కడ కాంక్రీటు ఇళ్ళు కనిపించడానికి ముఖ్య కారణం అదే. హెచ్చరికలు ఒకటి నుంచి నాలుగు తరగతులుగా ఇస్తారు. మూడో తరగతి రాగానే బయటికి వెళ్ళకూడదు. నాలుగు రోజుల తిండి, నీళ్ళు, టార్చి ముందే సర్దుకోండి.

వరదల సంగతి తేలిగ్గా తీసుకోవద్దు. రాజధాని పోర్ట్ లూయీకి వెనుక కొండలు, ముందు సముద్రం. కొండ మీద గట్టిగా కురిసిన వాన నేరుగా ఊరి నడిబొడ్డుకు వస్తుంది. 2013 మార్చి 30న అలాగే వచ్చిన వరదలో 11 మంది చనిపోయారు. కొందరు పాదచారుల సొరంగ మార్గంలో, కొందరు భవనాల నేలమాళిగ పార్కింగులో చిక్కుకున్నారు. 2024 జనవరిలో బెలాల్ తుపాను సమయంలో మళ్ళీ కార్లు కొట్టుకుపోయాయి. మీ ఆయన ఆఫీసు పోర్ట్ లూయీలో అయితే ఒక మాట చెప్పండి. పెద్దవాన కురుస్తుంటే కారు కోసం నేలమాళిగలోకి దిగవద్దని.

సముద్రం. దీవి చుట్టూ సుమారు 150 కిలోమీటర్ల మేర పగడపు దిబ్బ గోడ ఉంది. దాని లోపల లోతు తక్కువ నీటిలో పిల్లలు హాయిగా ఆడుకోవచ్చు. ఆ తెల్లటి ఇసుక అగ్నిపర్వతానిది కాదు, పగడాలు, గవ్వలు పొడి అయి వచ్చినది. నల్లరాయి తీరానికి తెల్ల ఇసుక తెచ్చింది జీవులే. నది కలిసే చోట మంచినీరు, బురద వల్ల పగడం పెరగదు, అక్కడ గోడకు గండి పడుతుంది. లోపలి నీరంతా ఆ గండి గుండానే వేగంగా బయటికి లాగుతుంది. కనుక గండి ఉన్న దిక్కున ఈదవద్దు. దక్షిణాన సూయాక్ దగ్గర గ్రీ గ్రీ అనే చోట గోడే లేదు. అలలు నేరుగా నల్లరాతి కొండచరియలకు కొడతాయి. చూడటానికి అద్భుతం, దిగడానికి మాత్రం కాదు. లె మోర్న్ కొండ పక్కన "సముద్రం లోపలి జలపాతం" అని తిరిగే ఫొటోలో పడుతున్నది నీరు కాదు, ఇసుక. దిబ్బ అంచు దాటి లోతుకు జారుతున్న ఇసుక, బురద పైనుంచి చూస్తే అలా కనిపిస్తుంది.

దేశమంటే ఈ ఒక్క దీవే కాదని కూడా అబ్బాయిని రాయమనండి. సుమారు 600 కిలోమీటర్ల తూర్పున 108 చదరపు కిలోమీటర్ల రోడ్రిగ్స్ ఉంది. అది కూడా అగ్నిపర్వతమే, వయసు 15 లక్షల ఏళ్ళు. కానీ పైన చెప్పిన వరసలో ఇమడదు. హాట్‌స్పాట్ దారికి పక్కగా, సముద్రపు శిఖరశ్రేణి వైపు ఉంది. ఉత్తరాన అగలేగా, ఈశాన్యాన సెంట్ బ్రాండన్ పగడపు దీవులు. సేషెల్స్ కూడా ఇదే సముద్రంలో ఉన్నా దాని కథ పూర్తిగా వేరు. అక్కడి ప్రధాన దీవులు 75 కోట్ల ఏళ్ళ గ్రానైట్, ఖండపు ముక్క. ఈ రెండు దేశాలూ కలిసి 2011లో సుమారు 3,96,000 చదరపు కిలోమీటర్ల సముద్రపు అడుగు మీద ఉమ్మడి హక్కుకు ఐక్యరాజ్యసమితి సంఘం ఆమోదం పొందాయి. ఇంత చిన్న దేశానికి అంత సముద్రం దక్కిందంటే, సేషెల్స్ నుంచి మారిషస్ వైపు నీటి అడుగున సాగిన మస్కరీన్ పీఠభూమి వల్లనే.

చివరగా, అబ్బాయి ప్రాజెక్టుకు ఒక రోజు తిరగాలంటే ఇలా వెళ్ళండి. పొద్దున ట్రూ ఓ సెర్, అక్కడి నుంచి గంగా తలావ్, తరువాత షమరెల్, సాయంత్రానికి సూయాక్ దగ్గర రోచెస్టర్ జలపాతం. ఆ జలపాతం వెనుక రాయి నిలువు స్తంభాలుగా పగిలి ఉంటుంది. లావా నెమ్మదిగా చల్లారి కుంచించుకుపోయినప్పుడు అలా పగులుతుంది. రాళ్ళు మాత్రం ఇంటికి తేవద్దు, ఫొటోలు చాలు. రీయూనియన్‌కు విమానంలో గంట లోపే. అది ఫ్రాన్స్‌లో భాగం కనుక భారతీయ పాస్‌పోర్టుతో వెళ్ళేవారు వీసా నిబంధనలు ముందే కనుక్కోవాలి. సెలవులకు రెండు నెలల ముందే ఆ పని మొదలుపెట్టండి.